నటన, నవల రెండూ కావాలంటోంది మా అమ్మాయి

ప్రశ్న: మా అమ్మాయి హైదరాబాద్‌లో ఇంటర్ సెకండియర్ హెచ్‌ఈసీ చదువుతోంది. సెకండ్ లాంగ్వేజ్ ఫ్రెంచ్. ఆన్ వియాజెమ్‌స్కీ అనే ఫ్రెంచ్ నటి గురించి చదివినప్పటి నుంచి ‘నేనూ అలాగే సినిమాల్లో చేస్తా, నవలలు రాస్తా, ఫ్రాన్స్ పంపండి’ అంటోంది. బీకామ్‌లో చేరమంటే రెండు రోజులు అన్నం మానేసింది. ఏం చేయమంటారు? - ఒక తల్లి, ఖమ్మం

జవాబు: అమ్మా, మీ అమ్మాయి అభిరుచి మంచిదే. కాకపోతే ఆవిడ జీవితాన్ని సంవత్సరాలతో సహా చదివిందా అని నా అనుమానం.

ఆన్ 1947లో పుట్టింది. 1965లో దర్శకుడు రాబర్ట్ బ్రెసాన్ ఆమెను తన సినిమాకు తీసుకున్నాడు. నటనలో ఏ ట్రైనింగూ లేదు, ఆయనకు కావలసిందీ అలాంటివాళ్లే. అప్పట్లో ఫ్రాన్స్‌లో 21 నిండితేగాని మేజర్ కాదు. తండ్రి చనిపోయాడు కనుక తాతగారు సరేననాలి. ఆ తాతగారు ఫ్రాన్స్వా మోరియాక్, 1952లో సాహిత్యానికి నోబెల్ అందుకున్న నవలాకారుడు. ఈ ఒక్క ముక్క మీ అమ్మాయికి రెండుసార్లు చదివి వినిపించండి. పుస్తకాల మధ్య, రాసేవాళ్ల మధ్య పెరిగిన పిల్ల ఆవిడ.

1967లో మరో దర్శకుడు గొదార్ సినిమాలో చేసింది, అదే ఏడు ఆయన్ని పెళ్లాడింది. మరుసటి ఏడు ఇటలీలో అక్కడి దర్శకుడు పసోలినీ సినిమా. 21 ఏళ్లకే ముగ్గురు ఉద్దండుల దగ్గర పనిచేసిందన్నమాట. మీ అమ్మాయి కళ్లకు కనిపిస్తున్నది ఈ మూడేళ్లే.

తొలి పుస్తకం, ఒక కథల సంపుటి, వచ్చింది 1988లో. అప్పటికి ఆవిడకు 41. తొలి సినిమా విడుదలైన 22 ఏళ్లకు! ఆ తర్వాత కలం ఆగలేదు. 1993లో ఆమె నవలకు గోన్కూర్ విద్యార్థుల బహుమతి వచ్చింది. దాన్ని నిర్ణయించేది పండితులు కాదు, మన ఇంటర్ వయసు పిల్లలు. 1998లో ఫ్రెంచ్ అకాడమీ నవలా పురస్కారం. బ్రెసాన్‌తో పనిచేసిన ఆ తొలి వేసవి నవలగా వచ్చింది 2007లో, అరవయ్యో ఏట. గొదార్‌తో గడిపిన రోజుల మీద రాసినవి ఇంకా తర్వాత.

చూశారా, ఆవిడ రెండు పడవల మీద కాళ్లు పెట్టలేదు. మొదట నటించింది, చూసింది, దెబ్బలు తింది. ఆ సరుకంతా తర్వాత నవలల్లోకి వచ్చింది. ఇజబెల్ కారే అనే మరో నటిదీ దాదాపు ఇదే దారి. ఉత్తమ నటిగా ఫ్రెంచ్ సినిమాల సెజార్ అవార్డు 2003లో, తొలి నవల 2018లో. అంతెందుకు, మన భానుమతిగారు లేరా? తెర మీద అంత పేరున్నా ‘అత్తగారి కథలు’ చదివి నవ్వుకున్న ఇళ్లు ఎన్ని! మీ ఇంట్లోనూ ఒక కాపీ ఉండే ఉంటుంది, అమ్మాయి చేతిలో పెట్టండి.

ఇక డబ్బు సంగతి. నటన అక్కడా నిలకడ లేని పనే. అయితే ఫ్రాన్స్‌లో కళాకారులకు ప్రత్యేక నిరుద్యోగ బీమా ఉంది. 12 నెలల్లో 507 గంటలు పని చూపిస్తే పనిలేని రోజులకు భత్యం వస్తుంది. నాటకాలకూ సినిమాలకూ మధ్య ఖాళీల్లో అక్కడి నటులకు ఇల్లు గడిచేది చాలావరకు దీనితోనే. మన దగ్గర అలాంటిది లేదు, ఆ ఖాళీల్లో ఇల్లు నడిపేది అమ్మానాన్నలే. పైగా వేరే యాసతో ఫ్రెంచ్ మాట్లాడే అమ్మాయికి అక్కడ వేషాలు తక్కువ. అప్పుచేసి ఇప్పుడే పంపడం నాకు ఇష్టం లేదు.

హైదరాబాద్ ఇఫ్లూలో, అంటే ఇంగ్లిష్, విదేశీ భాషల యూనివర్సిటీలో, బీఏ ఫ్రెంచ్ ఉంది, ప్రయత్నించమనండి. భాష ఎంత పట్టుబడిందో డెల్ఫ్ అనే ఫ్రెంచ్ భాషా పరీక్షలు చెబుతాయి. వాటిలో బీ2 అనే స్థాయి చేతికొచ్చాక పైచదువుకు ఫ్రాన్స్ అన్నా అర్థం ఉంటుంది. నటన డిగ్రీతోపాటు ఏదో ఒక నాటక బృందంలో మొదలుపెట్టొచ్చు. ఢిల్లీలోని నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామా ఎలాగూ డిగ్రీతోపాటు నాటకాల్లో చేసిన అనుభవమూ అడుగుతుంది. ఒకవేళ నటన కుదరకపోయినా అనువాదం, టీచింగ్, కంపెనీల్లో ఫ్రెంచ్ తెలిసినవాళ్లకు ఉండే ఉద్యోగాలు ఉంటాయి. ఆ మాట మాత్రం ఇప్పుడే పాపతో అనకండి, వెక్కిరిస్తున్నారనుకుంటుంది.

రాయడానికి ఎవరి అడ్మిషనూ అక్కర్లేదు. ఇప్పటిదాకా ఏమైనా రాసిందా అని అడగండి. రాసి ఉంటే తెలుగులోనా, ఇంగ్లీషులోనా, ఎన్ని పేజీలు? మీరు ఉత్తరంలో ఆ సంగతే రాయలేదు. నాకు అన్నిటికంటే ముందు తెలియాల్సింది అదే.

బీకామ్ అంటారా, పరీక్షలయ్యేదాకా ఆ పేరెత్తకండి. ముందు పిల్ల అన్నం తిననివ్వండి.