తొలగించిన వీడియోనా, పుట్టించిన కథా?

ప్రశ్న: ‘మెరియానా మార్డెగార్డ్ గ్లెస్గోర్వ్’ అనే వీడియోను యూట్యూబ్ తీసేసిందట, చూసినవాళ్లు కళ్లు పీక్కున్నారట. నిజమేనా? అసలు వీడియో ఎక్కడైనా దొరుకుతుందా?

జవాబు: అది భయపెట్టడానికి అల్లిన కథ. మనవైపే తదేకంగా చూసే మనిషి 20 సెకన్ల ముక్క మాత్రమే జనానికి దొరుకుతుందని, అసలు వీడియో 2 నిమిషాలని, చూసిన 153 మంది కళ్లు పీకి శాన్ బ్రూనోలోని యూట్యూబ్ కార్యాలయానికి పోస్టు చేశారని అందులో ఉంటుంది. అంత ఘోరం జరిగితే ఏ పత్రికా రాయకుండా ఉంటుందా? వీడియో ఎందుకు కనబడదో కథే ముందుగా చెప్పేసిందంటే అనుమానించాల్సిందే.

‘పాత వీడియో దొరికింది’ అని ఎవరైనా చూపిస్తే మూడు సంగతులు చూడండి. ఒకటి, ఎక్కించిన తేదీ. రెండోది నిడివి: 2006 నుంచి 2010 జులై దాకా యూట్యూబ్‌లో సాధారణ ఖాతాలకు 10 నిమిషాలే హద్దు. 2008లో మామూలు ఖాతా నుంచి అరగంట వీడియో వచ్చిందంటే నమ్మకండి. మూడోది స్క్రీన్‌షాట్: యూట్యూబ్ ప్లేయర్ వెడల్పుగా మారింది 2008 నవంబరులో. 2007 నాటిదని చెప్పే స్క్రీన్‌షాట్‌లో వెడల్పు ప్లేయర్ ఉంటే అది తర్వాత తయారుచేసిందే.

ప్రశ్న: నా దగ్గర పాత లింకు ఉంది. తెరిస్తే వీడియో అందుబాటులో లేదని వస్తోంది. దారేమైనా ఉందా?

జవాబు: ఉంది. లింకులో ‘వి’, సమాన గుర్తు తర్వాత వచ్చే 11 అక్షరాలే వీడియో ఐడీ. పెద్ద, చిన్న ఇంగ్లిష్ అక్షరాల తేడా కూడా లెక్కే. స్క్రీన్‌షాట్ చూసి టైపు చేసేటప్పుడు చిన్న ‘ఎల్’, పెద్ద ‘ఐ’ ఒకేలా కనిపిస్తాయి, సున్నాకీ ‘ఓ’కీ అదే తంటా. రెండు రకాలుగానూ ప్రయత్నించండి.

మొత్తం లింకును, పాత వెబ్ పేజీల నకళ్లు దాచే ఇంటర్నెట్ ఆర్కైవ్ వారి వేబ్యాక్ మెషీన్‌లో వేయండి. వీడియో ఆడకపోయినా నిరాశపడొద్దు. పేజీ మాత్రమే భద్రమై, ఫైలు లేకపోవడం మామూలే. ఆ పేజీలో శీర్షిక, ఎక్కించినవారి పేరు దొరికితే సగం పని అయినట్టే. ఆ శీర్షికతో డైలీమోషన్ అనే మరో వీడియో సైటులోనూ, ఇంటర్నెట్ ఆర్కైవ్‌లోనూ వెతకండి, వేరెవరో మళ్లీ ఎక్కించి ఉండొచ్చు. తర్వాత ఐడీని కొటేషన్ గుర్తుల మధ్య పెట్టి గూగుల్ చేయండి. ఐడీ అడ్డగీతతో మొదలైతే, కొటేషన్లు లేకుండా వెతికినప్పుడు గూగుల్ దాన్ని ‘ఇది వద్దు’ అని అర్థం చేసుకుంటుంది.

‘ప్రైవేట్ వీడియో’ అని వస్తే మాత్రం సంతోషించండి, ఫైలు ఇంకా ఉన్నట్టే. 2017కు ముందు ‘అన్‌లిస్టెడ్’గా, అంటే లింకు ఉన్నవాళ్లే చూసేలా పెట్టిన వీడియోలు చాలావరకు 2021 జులైలో యూట్యూబ్ తెచ్చిన మార్పుతో ప్రైవేట్ అయిపోయాయి. యజమానులకు ఆ సంగతే తెలియకపోవచ్చు. వారికి మర్యాదగా రాస్తే, ఒక్క సెట్టింగు మార్చి మళ్లీ తెరవగలరు.

ప్రశ్న: ‘పూర్తి వీడియో ఇస్తాం, ఈ యాప్ వేసుకోండి’ అని ఒకరు లింకు పంపారు. వేసుకోవచ్చా?

జవాబు: వద్దు. వీడియో చూడటానికి కొత్త యాప్‌గానీ, ఓటీపీగానీ అక్కర్లేదు. ఇప్పటికే వేసుకుని ఉంటే నెట్ ఆపి యాప్ తీసేయండి. వేరే ఫోన్ నుంచి పాస్‌వర్డులు మార్చండి, బ్యాంకుకు కబురు చేయండి.