బోర్ల మధ్య ఉన్న ఖనిజాన్ని కంప్యూటర్ ఎలా అంచనా వేస్తుంది?

గని తవ్వకముందు రాతి నమూనాలు అక్కడక్కడా వేసిన బోర్ల నుంచే లభిస్తాయి. వాటి మధ్య రాతిలో ఖనిజం ఎంత శాతం ఉందో లెక్కగట్టడానికి విస్తృతంగా వాడే పద్ధతి క్రిగింగ్. దక్షిణాఫ్రికాలోని విట్‌వాటర్స్‌రాండ్ బంగారు గనుల ఇంజనీరు డానీ క్రిగ 1951లో ప్రతిపాదించిన ఆలోచనలకు ఫ్రెంచి గణితవేత్త జార్జ్ మాథెరాన్ 1960లలో సిద్ధాంత రూపం ఇచ్చారు.

నమూనాల మధ్య దూరం పెరిగేకొద్దీ వాటి విలువల్లో తేడా ఎలా పెరుగుతుందో చూపే వేరియోగ్రామ్‌ను సాఫ్ట్‌వేర్ మొదట గీస్తుంది; దానికి తగిన గణిత రేఖను భూవిజ్ఞాని ఎంచుకున్నాక, నిక్షేపాన్ని చిన్న చిన్న దిమ్మెలుగా విభజించి, ఒక్కో దిమ్మెకూ కొన్ని సమీకరణాలను సాధించి, చుట్టూ ఉన్న ఏ నమూనాకు ఎంత ప్రాధాన్యం ఇవ్వాలో నిర్ణయిస్తుంది. లక్షల దిమ్మెలుంటే ఇది చేతితో అయ్యే పని కాదు. అంచనాతో పాటు అందులోని అనిశ్చితిని కూడా చెప్పగలగడం ఈ పద్ధతి అసలు బలం.

అయితే గణన ఎంత కచ్చితంగా ఉన్నా, భ్రంశానికి (రాతి పొరలు విరిగి పక్కకు జరిగిన పగులుకు) ఇరువైపులా ఉన్న వేర్వేరు శిలల నమూనాలను కలిపేస్తే తెరపై అందమైన రంగుల పటమే మిగులుతుంది, కాబట్టి శిలల సరిహద్దులను ముందుగా గుర్తించడం తప్పనిసరి. సాధన చేయదలచినవారికి స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో రూపొందిన ఎస్‌జెమ్స్ (SGeMS) అనే సాఫ్ట్‌వేర్ ఉచితంగా లభిస్తుంది.