చిట్టికి, మామయ్య రాసేది

చిట్టీ,

మీ అమ్మ నిన్న రాత్రి ఫోన్ చేసింది. "పిల్ల బ్యాండు పెడుతుందట, ఇకనుంచి వారానికి మూడు రోజులే ఉద్యోగమట, అంతా నీ పోలికే" అని నన్ను చెడామడా తిట్టింది. తిట్లు తింటూనే లోపల పొంగిపోయాను. ఆ మాట దానికి చెప్పకు. తెల్లారేసరికి మాత్రం బెంగ పట్టుకుంది.

సాక్సఫోన్‌కి ఊదే చోట బిగించే రీడ్లు నాలుగు దగ్గర పెట్టుకుని మార్చి మార్చి వాడు. చెవులకి ప్లగ్గులు పెట్టుకో, నా కుడి చెవి సంగతి నీకు తెలిసిందే. బయానా ముట్టందే తేదీ ఖాయం చెయ్యకు. ప్రోగ్రాం అయ్యాక అర్ధరాత్రి ఒక్కదానివే కారు నడుపుకుంటూ రావద్దు, డబ్బు పోతే పోయింది, ఆ ఊళ్ళోనే పడుకో. గ్రీన్ కార్డు చేతికొచ్చాకే ఈ పని తలపెట్టావు చూడు, ఆ తెలివి మాత్రం నా పోలిక కాదు.

వాయింపు గురించి నీకు నేను చెప్పేదేముంది. నువ్వు పంపిన ఆ అమెరికా సాక్సు వాద్యకారుడు మేసియో పార్కర్ వీడియోలు చూశాక నేను ఇన్నేళ్ళూ వాయించిందంతా వాగుడే అనిపించింది. ఊపిరి ఉన్నంతసేపూ స్వరాలు కుమ్మరించేవాణ్ణి. ఆయన రెండు ముక్కలు కొట్టి ఆగుతాడు. ఆగిన చోట డ్రమ్ము మాట్లాడుతుంది. మళ్ళీ ఒక ముక్క. సాక్సుతో డప్పు కొడుతున్నట్టుంటుంది. తన సంగీతం 2 శాతం జాజ్, 98 శాతం ఫంక్ (దరువు మీద నడిచే సంగీతం) అని స్టేజి మీదే చెప్పేస్తాడు. నీది ఇంకా సగం సగం దగ్గరుంది.

ఆయన పుట్టిన కిన్‌స్టన్ మీ ఊరు రాలీకి గంటన్నర దారేనట, ఒక ఆదివారం వెళ్ళి చూసి రా. 1964లో పెద్ద బ్యాండు నడిపే గాయకుడు జేమ్స్ బ్రౌన్ కన్ను పడింది డ్రమ్ములు వాయించే తమ్ముడు మెల్విన్ మీద. తమ్ముడి వెంట వచ్చిన మేసియోని మంద్రంగా పలికే బారిటోన్ సాక్సు వాయిస్తావా అని అడిగితే వాయిస్తానన్నాడు. డ్రమ్ములవాడి వెనకాల లోపలికొచ్చిన మనిషి కాబట్టే ఆగడం తెలిసిందని నా ఊహ.

డ్రమ్ములంటే గుర్తొచ్చింది. ఇది మీ అమ్మకి కూడా తెలియదు.

1989లో గుంటూరులో ఒక పెళ్ళి రిసెప్షన్. మాట్లాడుకున్నది 4,000. ఆ రాత్రి పెళ్ళివారు 2,500 చేతిలో పెట్టి మిగతాది తరవాత ఇస్తామన్నారు. లీడర్ని కదా, నామోషీ. ఆ సంగతి దాచి, ఈసారి తక్కువకే ఒప్పుకున్నానని మావాళ్ళకి చెప్పి తలా కాస్త పంచాను. నెల తరవాత మిగతా 1,500 వచ్చింది. అప్పటికి నా సాక్సు రంధ్రాలు మూసే ప్యాడ్లు చీకిపోయి గాలి పోతోంది. ఆ డబ్బుతో మార్పించేశాను. సాక్సు బాగుంటే బ్యాండు బాగున్నట్టే కదా అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను.

మా డ్రమ్ములాయన నాకంటే పదేళ్ళు పెద్ద. అప్పుడాయన కూతురు పురిటికొచ్చి ఇంట్లోనే ఉంది. టీకొట్టు దగ్గర పెళ్ళికూతురి తండ్రి కనబడి "మీ బాకీ తీర్చేశాం గదయ్యా" అన్నాడట. ఆయన నన్ను ఒక్క మాట అడగలేదు. తరవాతి ప్రోగ్రాం ముందే ఒప్పుకున్నది కాబట్టి వచ్చాడు. అంత బాగా ఎప్పుడూ వాయించలేదు. నా వైపు మాత్రం చూడలేదు. మర్నాడు పొద్దున్నే వాళ్ళబ్బాయి మా బ్యాండు కోటు తెచ్చిచ్చాడు. ఉతికి, ఇస్త్రీ చేసి, పేపర్లో చుట్టి ఉంది. వారం తిరక్కుండా కీబోర్డు కుర్రాడూ మానేశాడు. కొత్త ప్యాడ్ల సాక్సు ముందేసుకుని నాలుగు నెలలు ఇంట్లో కూర్చున్నాను. రెండుసార్లు వాళ్ళ వీధి మొదలుదాకా వెళ్ళి వెనక్కొచ్చాను. మనియార్డరు చేస్తే అదీ తిరిగొచ్చింది.

మేసియోవాళ్ళు 1970లో జేమ్స్ బ్రౌన్‌ని వదిలేసిందీ డబ్బు దగ్గరే. ఆయన సిన్సినాటి నుంచి బాస్ గిటారు వాయించే బూట్సీ కాలిన్స్ బ్యాండు కుర్రాళ్ళని విమానంలో రప్పించుకుని ఆట నడిపించాడు. నాకు విమానం లేకపోయింది, నీకూ లేదు. వెళ్ళినవాళ్ళకీ సుఖం లేదులే. మేసియో సొంత బ్యాండుతో చేసిన రెండు రికార్డులు అమ్ముడుపోలేదు, 1973లో పాత కొలువుకే తిరిగొచ్చాడు. సొంత పేరు మీద గట్టిగా నిలబడింది 1990లో, 47వ ఏట. అప్పుడు కూడా పక్కన ఎవరు? పాత కొలువులో తనతో వాయించిన ఫ్రెడ్ వెస్లీ, పీ వీ ఎల్లిస్. అది చూసి నాకు కుళ్ళు పుట్టింది, అబద్ధమెందుకు.

నీకింకా ముప్ఫై ఒకటే. ఆ మూడు రోజుల ఉద్యోగం వదలకు. నా పాత మౌత్‌పీసు పంపిస్తున్నాను, వాడకపోయినా పెట్టెలో పడి ఉండనీ. మీ అమ్మ సంగతి నేను చూసుకుంటాను.

మొదటి ప్రోగ్రాం అయ్యాక జనం ఎంతమంది వచ్చారో తరవాత చెబుదువుగాని. డ్రమ్ములబ్బాయి పేరేమిటి, ఎంతిచ్చావు, ఆ రాత్రే ఇచ్చావా, ముందు అది రాయి.

మామయ్య