కాలసరంగుకు ఎన్ని గడియారాలు కావాలి?

కాలం కొమ్మలుగా చీలే లోకాన్ని ఊహించి, ఆ కొమ్మల మధ్య మనుషుల్ని దాటించే 'కాలసరంగు'ల మీద కథలు రాస్తున్న పాఠకుల సందేహాలు ఈసారి.

ప్రశ్న: మా కథలో ప్రతి నిర్ణయం దగ్గరా కాలం చీలుతుంది. అయిదు పేజీలకే లెక్క చెయ్యి దాటిపోయింది. ఏం చెయ్యాలి?

జవాబు: దాటిపోక ఏమవుతుంది! రెండేసి దారులుండే మలుపులు పది వస్తే 1,024 కొమ్మలు, ఇరవై వస్తే 10,48,576. ముందు పాయనూ కొమ్మనూ విడదీయండి. ఏటి పాయ లంకను చుట్టి మళ్లీ ఏట్లోనే కలుస్తుంది, చెట్టు కొమ్మ కలవదు. ఏది ఏదో తేల్చడానికి ఆ నిర్ణయం మార్చి, నెల తర్వాత మూడు సంగతులు రాసి చూడండి: ఎవరు బతికున్నారు, ఎవరు ఎక్కడున్నారు, ఎవరికి ఏం తెలుసు. మూడూ మారకపోతే అది పాయ, సరంగు పట్టించుకోడు. అసలు కొమ్మలు కథకు మూడు మలుపులు మించనివ్వకండి. ఎనిమిది దారులవుతాయి, మూడింటిలోకి వెళ్తే చాలు.

ప్రశ్న: చిన్న తేడా కలిసిపోతుందంటున్నారు. మరి సీతాకోకచిలుక రెక్క ఊపితే తుపాను వస్తుందన్న మాట?

జవాబు: అదీ నిజమే. 1961లో అమెరికా వాతావరణ శాస్త్రవేత్త ఎడ్వర్డ్ లోరెంజ్ వాతావరణపు లెక్కను కంప్యూటర్‌లో మధ్యలోంచి మళ్లీ మొదలుపెడుతూ 0.506127 బదులు 0.506 ఇచ్చాడు. కొంతదూరం రెండు లెక్కలూ జంటగా నడిచి, తర్వాత పొంతన లేకుండా పోయాయి. అయితే వాన పడే రోజు మారినా మీ పాత్రల బతుకు మారకపోతే, కథకు అది పాయే.

దీన్నుంచి సరంగుకు ఒక పనితీరు దొరుకుతుంది. యూరప్ వాతావరణ కేంద్రం ఒక్క లెక్కతో సరిపెట్టుకోదు. మొదటి అంకెల్ని కొద్దికొద్దిగా మార్చిన 50 లెక్కలు, మార్చనిది ఒకటి కలిపి నడుపుతుంది. అన్నీ గుంపుగా ఉన్నచోట నమ్మకం, చెదిరినచోట అనుమానం. మీ సరంగు కూడా గుంపు చూసి మాట్లాడాలి. ఒక్క భవిష్యత్తు చూసొచ్చి ఇదే జరుగుతుందనేవాణ్ణి సోదెగాడంటారు.

ప్రశ్న: సరంగు వెంట ఏ సామాను ఉండాలి?

జవాబు: మెరిసే యంత్రాలు వద్దు. గడియారాలు, ఒక చిట్టా.

సముద్రం మీద గడియారం నాలుగు నిమిషాలు తప్పితే ఓడ ఉన్న రేఖాంశం ఒక డిగ్రీ తప్పుతుంది. భూమధ్యరేఖ దగ్గర అది సుమారు 111 కిలోమీటర్లు. రెండు గడియారాలుండి తేడా వస్తే తప్పు దేనిదో తెలియదు, కనీసం మూడుండాలి. డార్విన్ ఎక్కిన బీగిల్ ఓడ 1831లో 22 క్రోనోమీటర్లతో, అంటే ఓడల్లో వాడే కచ్చితమైన గడియారాలతో, బయల్దేరింది.

చిట్టాలో ఏ మలుపు దగ్గర దిగాడు, తన ఒంటి లెక్కన ఎన్ని గంటలు గడిచాయి, గడియారాల తేడా ఎంత, గురుతులు ఏవి అని నాలుగు గడులు. గురుతులంటే సొంత కొమ్మను పోల్చుకునే ఆనవాళ్లు, ఏడు చాలు. దాటకముందే రాయాలి. దాటాక రాస్తే కళ్లెదుట ఉన్నదానికి తగ్గట్టు జ్ఞాపకం సర్దుకుంటుంది.

ఎక్కువమంది తప్పు చేసేది ఇక్కడే. ఏడు గురుతులూ ఒకే ఇంట్లోంచి ఏరుకుంటారు: గోడ రంగు, తలుపు గొళ్లెం, పెరటి చెట్టు. ఆ ఇంటి వరకు మారకుండా దేశం మొత్తం మారిన కొమ్మలో కూడా ఏడూ సరిపోతాయి! ఒకదానితో ఒకటి సంబంధం లేనివి కావాలి: ఒంటి మీద మచ్చ ఒకటి, శిలాశాసనంలో చెక్కినవాడి అక్షరదోషం ఒకటి, దూరపు బంధువు చనిపోయిన తేదీ ఒకటి. ఆరు కలిసి ఏడోది కలవకపోతే అది పక్క కొమ్మే. 'దాదాపు సరిపోయింది' అనుకుని ఇంటికెళ్లి తలుపు తట్టిన సరంగు దగ్గరే మంచి కథ మొదలవుతుంది.

ప్రశ్న: క్వాంటం శాస్త్రం దీన్ని ఒప్పుకుంటుందా?

జవాబు: సగం. 1957లో భౌతిక శాస్త్రవేత్త హ్యూ ఎవరెట్ ప్రతిపాదించిన ఆలోచనలో కొమ్మలున్నాయి, దాటడం లేదు. విడిపోయిన కొమ్మలు ఆచరణలో ఒకదాన్నొకటి తాకవు. దాటడం మీ కల్పన, దానికి ఎవరెట్‌ను సాక్ష్యం పిలవకండి.

ప్రశ్న: సరంగుకు కూలి ఎప్పుడివ్వాలి?

జవాబు: బయల్దేరకముందే. చేరిన కొమ్మలో బాకీదారు పుట్టి ఉండకపోవచ్చు.