వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ పెట్టాక 0ఎక్స్‌సీ000007బీ ఎర్రర్: సమాధానం

ప్రోగ్రామ్ తెరుస్తుంటే వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ (ప్రోగ్రాములు ఉమ్మడిగా వాడుకునే కోడ్ ఫైలు) లేదని ఎర్రర్ వస్తే, దాన్ని ఏదో సైటు నుంచి దించి విండోస్‌లోని సిస్టమ్32 ఫోల్డర్‌లో పెట్టానన్నారు. ఇప్పుడొచ్చే 0ఎక్స్‌సీ000007బీకి కారణం దాదాపుగా ఆ ఫైలే. ముందు దాన్ని తీసేయండి.

64 బిట్ విండోస్‌లో పేర్లు తిరకాసుగా ఉంటాయి: సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో ఉండేవి 32 బిట్‌వి. మీ ప్రోగ్రామ్ 64 బిట్‌ది, మీరు దించింది 32 బిట్ డీఎల్ఎల్ అయ్యుంటుంది; ఆ రెండూ కలవవు, అందుకే ఈ ఎర్రర్. 32 బిట్ ప్రోగ్రామైతే సిస్టమ్32 వైపే చూడదు, పాత ఎర్రరే వచ్చేది.

ఈ ఫైలు విడిగా తెచ్చుకునేది కాదండీ. మైక్రోసాఫ్ట్ సైటులోనే ఈ ఫైళ్లను సరైన చోట పెట్టే విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ (2015 నుంచి 2022 వరకు వెర్షన్లకు ఒకటే ప్యాకేజీ) ఉంటుంది. ఎక్స్64 (64 బిట్), ఎక్స్86 (32 బిట్) రెండూ వేయండి. ఇప్పటికే ఉంటే ఇన్‌స్టాలర్‌లో రిపేర్ నొక్కి, రీస్టార్ట్ చేయండి.

అప్పటికీ అదే ఎర్రరా? ప్రోగ్రామ్ ఫోల్డర్‌లోనూ ఆ డీఎల్ఎల్ కాపీ పెట్టారేమో చూడండి. విండోస్ ముందు అక్కడే వెతుకుతుంది, తప్పు కాపీ దొరికితే సిస్టమ్32 దాకా వెళ్లదు. వీసీరన్‌టైమ్140_1 అనే మరో డీఎల్ఎల్ లేదని ఎర్రర్ వస్తే మాత్రం మీ ఎక్స్64 ప్యాకేజీ పాతదన్నమాట, కొత్తది వేయండి.