పిల్లల వ్యాసంలో ప్రతి తప్పునూ ఎర్రసిరాతో దిద్దాలా?

అక్కర్లేదు, రెండు మూడు విషయాలు ఎంచుకుని వాళ్లు రాసిన వాక్యాన్నే చూపిస్తూ చెబితే చాలు. పేజీ నిండా ఎర్రగీతలుంటే ఏది ముఖ్యమో పిల్లలకు తెలియదు. టీచరే దిద్దేస్తే చూసి ఎక్కించుకుంటారు, అంతే.

ఏడో తరగతి అమ్మాయి 'మా తాతయ్య చాలా మంచివారు. ఆయన లేరని భాదగా ఉంది' అని రాసిందనుకోండి. పక్కన 'బాగుంది' అని రాస్తే తనకు దారేమీ దొరకదు. 'తాతయ్య నీకోసం చేసిన ఒక్క పని రాయమ్మా, ఆ మంచితనం నాకూ కనిపిస్తుంది' అని రాయండి. 'భాద' కింద గీత గీసి, ఒత్తు ఏ అక్షరానికో తననే చూసుకోమనండి.

దిద్దకపోతే తప్పులు అలవాటైపోతాయని చాలామంది టెన్షన్ పడతారు. చిత్తుప్రతిలో భావం, చివరి ప్రతిలో అక్షరదోషాలు చూస్తే ఆ ఇబ్బంది రాదు.