స్టేషన్‌కి వెనక గేటు ఉందా?

మీ ఏరియాలో ఈమధ్య ఏం మారిందో రాయమని పోయిన నెల అడిగితే, వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా రైల్వే స్టేషన్ల గురించే ఉన్నాయి. అదీ తిరుపతికో కాశీకో వెళ్లేటప్పుడు ఎక్కే స్టేషన్లు కాదు, రోజూ టిఫిన్ డబ్బా సంచిలో వేసుకుని ఎక్కి దిగే లోకల్ స్టేషన్లు. ఎంఎంటీఎస్‌లో, అంటే మన హైదరాబాద్ లోకల్ రైల్లో, పదకొండేళ్లు ఆఫీసుకి తిరిగిన ప్రాణం నాది, అందుకని ఈ విడత మొత్తం వాటికే ఇచ్చేస్తున్నాను. మిగతా ప్రశ్నలు పంపినవాళ్లు ఈసారికి ఏమనుకోకండి.

మా స్టేషన్‌ని అమృత్ భారత్ పథకం కింద కొత్తగా కడుతున్నారు. లిఫ్టులు, ఎస్కలేటర్లు, పైన పెద్ద కప్పు. ఇక మన ఏరియా దశ తిరిగినట్టే అని కాలనీ వాట్సాప్ గ్రూపులో ఒకటే హడావుడి. స్టేషన్ బాగుపడితే చుట్టుపక్కల కూడా బాగుపడుతుందా మేడమ్?
— ఒక పాఠకుడు, హఫీజ్‌పేట

బాగుపడొచ్చండీ, కానీ ఆ కప్పు వల్ల మాత్రం కాదు. 2023 ఆగస్టు 6న దేశమంతా ఒకేసారి 508 స్టేషన్లకి శంకుస్థాపన చేశారు, తెలంగాణలో 21, వాటిలో మీదీ ఒకటి. ఎస్కలేటర్ వద్దని నేననను, మోకాళ్ల నొప్పులున్న మనిషిని. అయితే మీ కాలనీ అడగాల్సిన మొదటి ప్రశ్న వేరే ఉంది, రైలు ఎంతసేపటికి ఒకటి వస్తుందని. టైమ్ చూసుకోకుండా వెళ్లి నిలబడితే పది నిమిషాల్లో ఏదో ఒకటి దొరికితే అది లోకల్ రైలు, గోడ మీద గడియారం చూసి అన్నం సగంలో వదిలేసి పరిగెత్తాల్సొస్తే దాన్ని ప్యాసింజర్ అనుకోవడమే.

2003 ఆగస్టులో ఎంఎంటీఎస్ మొదలైంది. కోవిడ్‌కి ముందు రోజుకి 120 దాకా సర్వీసులు ఉండేవి. 2020 మార్చిలో ఆగిపోయి, పదిహేను నెలల తర్వాత 2021 జూన్‌లో పది సర్వీసులతో మళ్లీ మొదలైంది. ఆ పదిహేను నెలల్లో మా కంపార్ట్‌మెంట్ వాళ్లు సగం మంది ఈఎంఐలో బండ్లు కొనేసుకున్నారు, కొన్నాక ఇంకెందుకు తిరిగొస్తారు? పైగా మీ లింగంపల్లి లైను 1874లో వేసిన వాడి–సికింద్రాబాద్ లైనే, ముంబైలోలాగా లోకల్స్‌కి వేరే పట్టాలు లేవు, అదే పట్టా మీద ఎక్స్‌ప్రెస్సూ పోవాలి, గూడ్సూ పోవాలి, వాటన్నిటికీ దారిచ్చి ఆఖరున మన రైలు కదలాలి. ఎంత అద్దాల స్టేషన్ కట్టినా ప్లాట్‌ఫాం మీద ముప్పావుగంట కూర్చోబెడితే మూడో రోజు జనం షేర్ ఆటో ఎక్కేస్తారు, జనం లేని స్టేషన్ చుట్టూ కొట్టు పెట్టేదెవరు చెప్పండి.

రెండో ప్రశ్న, ఇంటి నుంచి ప్లాట్‌ఫాం దాకా నడిచే దారి. ఇది చిన్న విషయంలా కనిపిస్తుంది గానీ, నా లెక్కలో అసలు సంగతి ఇక్కడే ఉంది. నేను రోజూ ఎక్కిన స్టేషన్ పేరు రాయను, అలాంటివి చాలానే ఉన్నాయి. టికెట్ కౌంటరు, ఆటో స్టాండు, బోర్డు అన్నీ మెయిన్ రోడ్డు వైపు. పట్టాలకి ఇవతల మా బస్తీ. మా వీధి చివర నిలబడితే ప్లాట్‌ఫాం మీద కూర్చున్నవాళ్ల మొహాలు గుర్తుపట్టొచ్చు, అయినా న్యాయంగా వెళ్లాలంటే ఫ్లైఓవర్ ఎక్కి దిగి కిలోమీటరు పైన నడవాలి. న్యాయంగా ఎవరు వెళ్తారు? ఎవరో గోడలో రెండు ఇటుకలు పీకారు, తర్వాత నాలుగు, ఏడాది తిరిగేసరికి మనిషి పక్కకి ఒదిగితే పట్టేంత కంత తయారైంది. రైల్వేవాళ్లు సిమెంటు పెట్టి పూడుస్తారు, నెలలోపే మళ్లీ తెరుచుకుంటుంది. ఒకసారి వానలో ఆ కంతలోంచి దూరుతుంటే నా చీర కొంగు లోపల పొడుచుకొచ్చిన ఇనప చువ్వకి తగులుకుంది, వెనకాల ఉన్న స్కూలు పిల్ల విడదీస్తుంటే అవతల హారన్ వినిపించి ఇద్దరం కొయ్యబారిపోయాం. కొంగు చింపుకుని బయటపడ్డాను. ఆ చీర ఇంకా ఉంది, పారెయ్యబుద్ధి కాలేదు.

చాలా ఏళ్ల తర్వాత పాదచారుల వంతెనని ఇవతలి వైపుకి కూడా దించి, చిన్న టికెట్ కిటికీ ఒకటి పెట్టారు, అంతే. రంగులూ లేవు, అద్దాలూ లేవు. ఏడాదిలో మా సందు మొహం మారిపోయింది. ముందు ఇడ్లీ బండి వచ్చింది, ఆయన రైలు అనౌన్స్‌మెంట్ విన్నాకే వాయి దించేవాడు, పొగలు కక్కే ఇడ్లీ చేతికొచ్చేసరికి మనకి సరిగ్గా మూడు నిమిషాలుండేవి. తర్వాత జిరాక్స్ షాపు, ఇస్త్రీ బండి, కుట్టుమిషన్ పెట్టుకున్న ఇద్దరు అక్కచెల్లెళ్లు. జనం తిరుగుతున్నారని కార్పొరేటర్ వీధిలైట్లు వేయించారు, లైట్లు పడ్డాక రాత్రి తొమ్మిదింటి రైలుకి కూడా ఆడపిల్లలు దిగడం మొదలుపెట్టారు. అంతకు ముందు ఏడు దాటితే ఎవరో ఒకరు ఎదురెళ్లాల్సిందే.

కాబట్టి మీ వాట్సాప్ గ్రూపులో ఫొటోలు పంచుకోవడం కాస్త ఆపి, ప్లాన్‌లో మీ వైపు గేటు ఉందో లేదో కనుక్కోండి. గేటు రైల్వేది, గేటు దాకా రోడ్డు మున్సిపాలిటీది. ఒక ఆఫీసుకి వెళితే రెండో ఆఫీసుకి వెళ్లమంటారు, అందుకని రెండు చోట్లా ఒకే రోజు ఒకే కాగితం ఇచ్చి రసీదు తీసుకోండి.

హైటెక్ సిటీ స్టేషన్‌లో దిగితే హైటెక్ సిటీ వస్తుందా? ఇంటర్వ్యూకి వెళ్లాలి.
— ఒక నిరుద్యోగి, ఫలక్‌నుమా

రాదు నాయనా. ఐటీ ఆఫీసులుండే సైబర్ టవర్స్ ఇంకా రెండు కిలోమీటర్ల పైనే ఉంటుంది, దిగి షేర్ ఆటో ఎక్కాలి, వాన పడితే ఇంకో అరగంట కలుపుకో. రైలుకయ్యే డబ్బు కన్నా ఆటోకే ఎక్కువవుతుంది. ముందటి రైలుకే బయల్దేరు. ఆల్ ది బెస్ట్.

చర్లపల్లి టెర్మినల్ తెరిచాక మా ఓనరుగారు అద్దె ఒకేసారి మూడు వేలు పెంచారు. "స్టేషన్ పక్కనే కదమ్మా" అంటారు. మావారి పని ఇక్కడి ఫ్యాక్టరీలోనే, మేం రైలెక్కేది సంక్రాంతికీ దసరాకీ. ఎక్కని రైలుకి మేమెందుకు కట్టాలి?
— ఒక గృహిణి, చర్లపల్లి

అమ్మా, మీ ప్రశ్న చూడ్డానికి అద్దె గొడవలా ఉంది గానీ, పెద్ద పెద్ద ప్లానర్లు తల పట్టుకునే ప్రశ్న ఇది. ఆ టెర్మినల్‌కి 413 కోట్లు ఖర్చయింది, 2025 జనవరి 6న తెరిచారు. డబ్బు జనానిది. పెరిగిన భూమి విలువ మాత్రం అప్పటికే అక్కడ స్థలం ఉన్నవాళ్లది. మీ ఓనరుగారు ఒక ఇటుక కూడా కదపలేదు, అయినా ఆయన గోడలకి రేటు పెరిగింది.

నవీ ముంబైలో దీన్ని కొంచెం తెలివిగా చేశారు. మన్‌ఖుర్ద్ నుంచి వాషికి 1992లో లోకల్ రైలు వెళ్లింది, ఆ లైన్ల ఖర్చులో నూటికి 67 వంతులు సిడ్కో పెట్టుకుంది, 33 రైల్వే పెట్టుకుంది. సిడ్కో అంటే ఆ కొత్త ఊరిని కట్టిన ప్రభుత్వ సంస్థ, అక్కడి భూమి చాలావరకు దాని చేతిలోనే ఉంది. రైలు వస్తుందంటే ప్లాట్ల ధర పెరుగుతుంది, ఆ ప్లాట్లు అమ్మితే డబ్బు రైలుకే తిరిగొస్తుంది. వాషి స్టేషన్ మీదే ఆఫీసుల భవనాలు లేపారు. మన ఎంఎంటీఎస్ రెండో దశకీ దాదాపు అదే లెక్క, 816 కోట్ల అంచనాలో మూడింట రెండు వంతులు రాష్ట్రానిది, ఒక వంతు రైల్వేది. తేడా ఎక్కడొచ్చిందంటే, ఇక్కడ పట్టాల పక్కన భూమి ఎప్పుడో ప్రైవేటు చేతుల్లోకి పోయింది, రాష్ట్రం తన వాటా బడ్జెట్‌లోంచి తియ్యాలి, అది రాలేదని రైల్వే ఏళ్ల తరబడి అంటూనే ఉంది. మేడ్చల్‌కి రైలు 2023 ఏప్రిల్‌లో, ఘట్‌కేసర్ వైపు 2024 మార్చిలో గానీ కదల్లేదు.

ఇంకో సంగతి. టెర్మినల్ వేరు, లోకల్ స్టేషన్ వేరు. టెర్మినల్‌లో దిగినవాళ్లు సూట్‌కేసు ఈడ్చుకుంటూ క్యాబ్ ఎక్కి వెళ్లిపోతారు, మీ వీధిలో కూరగాయలు కొనరు. మీ వీధికి మేలు చేసేది ఘట్‌కేసర్ లోకల్ రైలు, అది ఎన్నిసార్లు తిరుగుతుందో మీ ఓనరుగారిని అడగండి, ఆయనకి తెలియకపోవచ్చు.

ఇక అద్దె. పదకొండు నెలల అగ్రిమెంటు కాగితం బీరువాలోంచి తీయండి. అందులో ఇంత పెంపు అని రాసి ఉంటే గడువు లోపల అంతకు మించి అడగడానికి లేదు. కాగితమే లేకపోతే మాత్రం బేరమాడుకోవడమే, మూడు వేలు ఒకేసారి కాకుండా ఏడాదికి వెయ్యి చొప్పున అనండి. ఖాళీ అయితే మళ్లీ సున్నం, బ్రోకరు కమీషన్, నెల అద్దె పోవడం, ఆ లెక్క ఆయనకీ తెలుసు.

మేడమ్, మా అమ్మాయి దగ్గరికి చెన్నై వచ్చాను. వేళచ్చేరి స్టేషన్ చూసి ఆశ్చర్యపోయాను, కళ్యాణ మండపమంత ఉంది, లోపల పావురాలు తప్ప మనుషుల్లేరు. ఇంత ఎందుకు కట్టారు?
— ఒక రిటైర్డ్ టీచరు, నెల్లూరు

ఎంఆర్‌టీఎస్ అనే చెన్నై లోకల్ రైలు లైనుది ఆ స్టేషన్. ఆ లైను 1990ల్లో చెన్నై బీచ్ స్టేషన్ నుంచి మొదలై, 2007లో వేళచ్చేరి చేరింది. పైన మాల్స్ వస్తాయి, ఆఫీసులు వస్తాయి, ఆ అద్దెలతో రైలు నడుస్తుందని అంతంత కట్టారు. అద్దెకి ఎవరూ సరిగా రాలేదు, చీకటి మెట్లు, ఖాళీ అంతస్తులు మిగిలాయి. ముందు జనాన్ని రప్పించాలి, కొట్లు వాటంతటవే వస్తాయి. ముందు కొట్లు కట్టి జనం కోసం కూర్చుంటే పావురాలే వస్తాయి. తిరువాన్మియూరు స్టేషన్ మాత్రం ఐటీ ఆఫీసులుండే టైడెల్ పార్క్ పక్కనే కాబట్టి పొద్దున సాయంత్రం కాస్త కళగా ఉంటుంది.

మాస్టారూ, ఆ లైను చాలా దూరం బకింగ్‌హామ్ కాలువ మీదుగానే పోతుంది. ఒకప్పుడు పెదగంజాం నుంచి మీ నెల్లూరు తీరం పక్కగా మద్రాసుకి పడవలు నడిచిన కాలువే అది, ఇప్పుడందులో స్తంభాలు దిగి ఉన్నాయి. కిటికీలోంచి కిందకి చూడండి, ముక్కు మూసుకుని.

మా తాతగారు కరీంనగర్ నుంచి బొంబాయి మిల్లుకి వచ్చారు, మేం ఇప్పటికీ వర్లీలోనే. మిల్లులు పోయి టవర్లు వచ్చాయి, అందరూ బాగుపడిందంటారు. పరేల్ వంతెన మీద నడిచినప్పుడల్లా నాకెందుకో అలా అనిపించదు.
— ఒక పద్మశాలి కుటుంబం అమ్మాయి, ముంబై

మీకెందుకలా అనిపిస్తుందో నాకు తెలుసమ్మా. 1982 మిల్లు కార్మికుల సమ్మె తర్వాత మిల్లులు ఒక్కొక్కటే మూతపడ్డాయి, ఆ స్థలాల్లో లోయర్ పరేల్ చుట్టూ ఆఫీసులు లేచాయి, ఒకప్పుడు చాళ్లలోంచి, అంటే కార్మికుల వరసగదుల ఇళ్లలోంచి, నడిచి పనికెళ్లే చోటికి ఇప్పుడు విరార్ నుంచీ కల్యాణ్ నుంచీ లోకల్స్‌లో వచ్చి దిగడం మొదలైంది. ఊరు మారింది. ఎల్ఫిన్‌స్టన్ రోడ్ స్టేషన్‌నీ పరేల్ స్టేషన్‌నీ కలిపే ఇరుకు వంతెన మాత్రం మారలేదు. 2017 సెప్టెంబరు 29న, వాన పడుతున్న ఆఫీసు వేళ, దాని మెట్ల మీద తొక్కిసలాటలో 23 మంది పోయారు. తర్వాత ఆర్మీని పిలిచి కొత్త వంతెన కట్టించారు, 2018 ఫిబ్రవరికల్లా అయిపోయింది. నెలల్లో అయ్యే పని అది. టవర్లకి అనుమతి ఇచ్చేటప్పుడు ఇందులో పనిచేసే వేలమంది ఏ మెట్లు దిగుతారని అడిగి ఉంటే చాలు. అదే ఏడాది ఎల్ఫిన్‌స్టన్ రోడ్ స్టేషన్ పేరు ప్రభాదేవి అని మార్చారు, ఆ పేరు మీద నాకే అభ్యంతరమూ లేదు.

మా బేగంపేట స్టేషన్ని 2025 మే నెలలో కొత్తగా ప్రారంభించారు, మొత్తం మహిళా ఉద్యోగులే నడిపే స్టేషన్. చూడ్డానికి ముచ్చటగా ఉంది. నేను వెళ్లినప్పుడు ముందు మెట్ల వెడల్పే చూశాను, మీరూ అలవాటు చేసుకోండి.

స్టేషన్ బయట ఇరవై ఏళ్లుగా పూలమ్మే అవ్వని సుందరీకరణ అని లేపేశారు. ఏమైనా చెయ్యొచ్చా?
— ఒక డిగ్రీ విద్యార్థిని, మల్కాజిగిరి

చెయ్యొచ్చు, కానీ అవ్వ గంప ఎక్కడ ఉండేదన్న దాన్ని బట్టి. 2014 వీధి వ్యాపారుల చట్టం ప్రకారం మున్సిపాలిటీలో ఉండే టౌన్ వెండింగ్ కమిటీ అమ్ముకునేందుకు సర్టిఫికెట్ ఇవ్వాలి, కదిలించాలంటే ముప్ఫై రోజుల నోటీసు ఇవ్వాలి. అయితే అదే చట్టం మొదట్లోనే, రైల్వే స్థలాలకి ఇది వర్తించదని ఒక ముక్క రాసి ఉంది. గోడకి లోపలైతే ఆ చట్టం అవ్వకి పనికిరాదు, రెండడుగులు బయటైతే పనికొస్తుంది. సాయంత్రం టేపు తీసుకుని వెళ్లి, అవ్వనే అడిగి, గంప పెట్టే చోటు నుంచి రైల్వే గోడ దాకా కొలిచి ఒక ఫొటో తీసి పంపు. రైల్వే హద్దు రాయి కనిపిస్తే అది కూడా ఫొటోలో పడేలా చూడు.